కాకి గూటిలో కోకిల

వేసవి ప్రవేశింపగానే ఉప్పల్, నాచారము ప్రాంతములలో మిగిలియున్న వేపచెట్లమీద కోకిల కూయుచుండును. ఆ కూతకు మనము మురిసిపోవుదుము గాని, కాకి గూడు కట్టుకొనునదియు ఆ దినములలోనేనని తలంపము. మగ కోకిల గూటి దాపున కూసి కాకులను రేపి తన వెంట తరుముకొని వచ్చునట్లు చేయగా, ఆడుది చాటుగా వచ్చి గుడ్డు పెట్టి పోవును. ఆ గుడ్డు కాకిగుడ్డుకంటె చిన్నదైనను రంగులోను మచ్చలలోను దానిని పోలియుండును. కాకిగుడ్లకంటె ముందుగా పగులును గనుక, కోకిలపిల్ల ముందుగా నోరు తెరచును. కాకి తన పిల్లయే యనుకొని మేత పెట్టుచుండును.

ఇంగ్లండులోని కోకిలజాతి పక్షి ఇంతకంటె కఠినమైనది. దాని పిల్ల కన్నులు తెరువకమునుపే, గూటిలోని తక్కిన పిల్లలను వీపుమీద ఎత్తి వెలుపలికి త్రోసివేయునని 1788లో ఎడ్వర్డ్ జెన్నర్ అను వైద్యుడు వ్రాసెను. మశూచికి టీకా తెచ్చినవాడు ఈయనే. మన కోకిలపిల్ల సాధారణముగా అంత పని చేయదు.

అయినను కోకిలను దొంగ యనుట మాకు న్యాయముగా తోచదు. కాకి మేతతో పెరిగిన పిల్లయే, ఎవరును నేర్పకయే, రేపు మరియొక కాకి గూడు వెదకును. దానికి ఆజ్ఞ లేదు, మనస్సాక్షి లేదు.

మనకు రెండును ఉన్నవి. 2017లో ఉప్పల్ మీదుగా మెట్రో రైలు నడువసాగినది. అంతకు ముందునుండియే ఇక్కడ గజము నేలకు గిరాకి హెచ్చియుండెను. ఏమి కాగితమో చెప్పక ముసలితల్లిచేత వేలిముద్ర వేయించుకొనుట, దూరదేశమున కూలికి పోయిన తమ్ముని వంతును తనదిగా చూపి అమ్ముకొనుట సంఘము వెలుపల మాత్రమే జరుగుచున్నవని చెప్పగలమా? అట్టివారును ఆదివారమున మనతో కూడ కీర్తనలు పాడుదురు. గొంతు మాత్రము కోకిలవలెనే యుండును.

యాకోబు చేసినదియు ఇట్టిదే. చేతులకును మెడకును మేకపిల్లల చర్మము కప్పుకొని, చూపు మందగించిన తండ్రి నీవెవరవని అడుగగా, అన్న పేరు చెప్పెను. దీవెన దొరకెను, ఇల్లు పోయెను. లాబానునొద్ద ఇరువది సంవత్సరములు కొలువు చేసి, అక్కడ తానే మోసపోయెను. తిరిగి వచ్చునప్పుడు యబ్బోకు రేవునొద్ద రాత్రియంతయు పెనుగులాడిన పిమ్మట, అతని పేరు మరల అడుగబడెను. ఈసారి చేతులమీద చర్మము లేదు, అడిగినవాని చూపునకు మసక లేదు. తెల్లవారుచుండగా అతడు తన పేరే చెప్పెను.