కాలం పూసే తోట ఎవరిది?

కల్పవృక్షం ఏదడిగితే అది ఇస్తుందంటారు. అయినా దాని కిందికి వెళ్ళి “నిన్నటి సాయంత్రాన్ని మళ్ళీ ఇవ్వు” అని అడిగినవాడి కథ నాకెక్కడా తగల్లేదు. మన పురాణాల్లో కాలం సాగుతుంది. రైవతుడు కూతురు రేవతిని వెంటబెట్టుకుని బ్రహ్మలోకానికి వెళ్ళొచ్చేసరికి ఇక్కడ యుగాలే గడిచిపోయాయి. సాగుతుంది సరే, నేను చదివినంతలో వెనక్కి మాత్రం రాదు. వెనక్కి తిప్పే ఆ పనిని మొక్కలకు అప్పజెప్పినవాడు ఇంగ్లీషు రచయిత జె. జి. బాలార్డ్, 1962లో అచ్చయిన ‘ది గార్డెన్ ఆఫ్ టైమ్’ కథలో.

కథ చిన్నదే. ఒక పెద్ద భవంతి, తోట, అందులో కౌంట్ ఆక్సెల్, ఆయన భార్య. ఆవిడ హార్ప్సికార్డ్ మీద మోట్సార్ట్ వాయిస్తుంటుంది. దూరంగా, నేలా ఆకాశం కలిసేచోట, లెక్కలేనంత జనం ఒకరినొకరు తోసుకుంటూ ఇటే వస్తున్నారు. తోటలో గాజులాంటి పూలు పూసే మొక్కలున్నాయి. సాయంత్రం కౌంట్ ఒక పువ్వు కోస్తాడు. అది చేతిలో మెరిసి కరిగిపోయేలోగా కాలం వెనక్కి జరుగుతుంది, జనం మళ్ళీ దూరమైపోతారు. పెద్ద పువ్వయితే బాగా వెనక్కి, మొగ్గయితే కాసేపే. పూలేమో అయిపోతున్నాయి. చివరికి జనం లోపలికి వచ్చేసరికి అక్కడున్నది ఎప్పుడో పాడుబడిన భవంతి, ముళ్ళపొదల మధ్య రెండు రాతి విగ్రహాలు. ఆడమనిషి విగ్రహం చేతిలో ఒక గులాబీ.

చదువుతున్నంతసేపూ మనం కౌంట్ పక్షమే. ఆయనకు పేరుంది, సంగీతముంది, పుస్తకాలున్నాయి. జనానికి మొహాలు కూడా లేవు. ఎవరు వాళ్ళు, ఎక్కడినుంచి వస్తున్నారు, ఆకలితోనా కోపంతోనా? బాలార్డ్ చెప్పడు, మనమూ అడగం. 2024లో న్యూయార్క్ మెట్ గాలాకు ఈ కథ పేరునే డ్రెస్ కోడ్‌గా పెట్టారు. ఒక్కో టికెట్ 75,000 డాలర్లున్న విందులో అతిథులు పూలు కుట్టిన బట్టలేసుకుని మెట్లెక్కారు. బారికేడ్ల అవతల ఎవరున్నారని ఆ బట్టలు అడగలేదు.

సాఫ్ట్‌వేర్‌లో ఉన్నవాళ్ళకు కౌంట్ చేసే పని బాగా తెలిసిందే. దాన్ని రోల్‌బ్యాక్ అంటాం. డేటాబేస్‌ను నిన్న రాత్రి కాపీకి వెనక్కి తీసుకెళ్తే మన తప్పొక్కటే చెరిగిపోదు. ఈ మధ్యలో ఎవరో కట్టిన ఫీజు, ఎవరో పెట్టుకున్న దరఖాస్తు, అన్నీ పోతాయి. అందుకే ఆ బటన్ ఒక్కడి చేతికివ్వరు. కౌంట్ చేతిలోని పువ్వుకు అలాంటి అడ్డేదీ లేదు. ఆయన ఒక సాయంత్రం సంపాదించుకున్న ప్రతిసారీ, ఆ జనం పగలంతా నడిచిన నడక చెరిగిపోతోంది. కాలాన్ని తనకోసం వెనక్కి తిప్పుకోవడమంటే పక్కవాడి కష్టాన్ని కూడా వెనక్కి తిప్పడమే. ఈ కథలో నన్ను వదలని సంగతి ఇదే.

లేని మొక్క గురించి ఇంత గొడవెందుకంటారేమో. ఉన్న చెట్ల దగ్గరికే వద్దాం. హైదరాబాదు నుంచి బీజాపూర్ వెళ్ళే దారిలో, అప్పా జంక్షన్ నుంచి మన్నెగూడ దాకా దాదాపు 46 కిలోమీటర్లు, రోడ్డుకు రెండు పక్కలా తొమ్మిది వందల దాకా మర్రిచెట్లు. నాటినవాళ్ళు వాటి నిండు నీడలో కూర్చుని ఉండరు, వాళ్ళ కాలాన్ని మనకు దాచిపెట్టి వెళ్ళారు. అలాంటి చెట్టును కొడితే మనకు మిగిలేది కొన్ని నిమిషాల ప్రయాణం, ఖర్చయ్యేది ఎన్నో దశాబ్దాలు. అచ్చంగా కౌంట్ బేరమే.

ఇక్కడితో ఆపేస్తే చెట్లను ప్రేమించే నాలాంటివాళ్ళకు హాయిగా ఉంటుంది. కానీ 2025 నవంబరులో అదే దారిలో, మీర్జాగూడ దగ్గర, కంకర టిప్పరూ ఆర్టీసీ బస్సూ ఢీకొని కనీసం 19 మంది చనిపోయారు. రోడ్డు వెడల్పు చేసుంటే బతికేవాళ్ళు కదా అన్నారు చాలామంది. ఆ మాట విన్నాక బొమ్మ తిరగబడుతుంది. ఆదివారం కారాపి మర్రి ఊడలను ఫోటో తీసుకునే నేనే కౌంట్‌నా? రోజూ ఆ బస్సెక్కేవాళ్ళేనా నేను మొహాలు చూడని జనం?

చెట్లకోసం పోరాడినవాళ్ళు రోడ్డే వద్దనలేదు, చెట్లను ఉంచి పక్కనుంచి వేయమన్నారు. ఆ కోరిక న్యాయమైనదేనని నా నమ్మకం. అయితే వాయిదా న్యాయమైనంత మాత్రాన దానికి ఖరీదు లేకుండా పోదు. రోడ్డు తేలనన్నాళ్ళూ ఆ ఇరుకు దారిలో ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని తిరిగింది వేరేవాళ్ళు. అన్నాళ్ళు వేగానికి కళ్ళెం, రాత్రి వెలుతురు, టిప్పర్ల బరువు మీద నిఘా అంటూ గట్టిగా పట్టుబట్టాల్సింది ముందు ఎవరు? వాయిదా వల్ల లాభపడ్డవాళ్ళే. ఇదే లెక్క అవతలివైపుకీ వర్తిస్తుంది. పది నిమిషాలు మిగిలాయని సంతోషించేవాడు, నీడ పోగొట్టుకునే రేపటి పిల్లలకు ఏం బాకీపడ్డాడో చెప్పాలి. వాళ్ళు ఇంకా పుట్టలేదు కాబట్టి వాళ్ళకూ మొహాల్లేవు.

కౌంట్ తన తోటను ప్రేమించడంలో నాకు తప్పేమీ కనిపించదు. కోసిన ప్రతి పువ్వుతో ఆయనకు మరికొంత వ్యవధి దొరికింది. ఆ వ్యవధిలో ఒక్కసారైనా గేటు దాకా నడిచి, వచ్చేవాళ్ళకు ఏం కావాలో అడగలేదు. దొరికిన ప్రతి సాయంత్రాన్నీ ఇంకో సాయంత్రంగానే వాడుకున్నాడు. అడిగుంటే తోట మిగిలేదని నేననను. కానీ వాళ్ళెవరో ఆయనకు తెలిసేది, మనకూ తెలిసేది.