బొగ్గుగని సినిమాలును నాతాను చెప్పిన కథయు

చదువదగిన భాగములు: 2 సమూయేలు 11, 12 అధ్యాయములు, ద్వితీయోపదేశకాండము 21:1-9



సంఘపత్రికలో సినిమా మాట ఏల అని పెద్దలు కొందరు నొచ్చుకొనవచ్చును. నా చిన్నతనమున గద్వాలకు పోయి సినిమా చూచివచ్చిన ఒక యువకుని మా సంఘపెద్దలు ఆరాధన ముగిసిన తరువాత నిలువబెట్టి మందలించుట నేను కన్నులార చూచితిని. ఇప్పుడైతే సినిమా ప్రతివాని చొక్కాజేబులోనే యున్నది. తలుపు మూసి ప్రయోజనము లేదు. చూచినదానిని ఎట్లు చూడవలెనో కలిసి ఆలోచించుట మేలని తోచి ఈ నాలుగు మాటలు వ్రాయుచున్నాను.

గడచిన క్రిస్మసు సెలవులలో మా యౌవనస్థులు పదిమంది మా ఇంటి వరండాలో కూడి ‘కాలా పత్థర్’ అను హిందీ చిత్రమును చూచిరి. నేనును వారితో కూర్చుంటిని. మనవారు బొంబాయి, పూనా పనులకు పోయి వచ్చినవారే గనుక వారికి హిందీ కొత్త కాదు. అది 1979లో యశ్ చోప్రా తీసిన చిత్రము. అందులో ధనరాజు అను ఒక గని యజమాని యుండును. గనిలోనికి నీరు చొరబడు అపాయమున్నదని ఇంజనీరు హెచ్చరించినను, బొగ్గు మీది ఆశచేత వాడు చెవినిపెట్టడు. చివరకు నీరు పగులగొట్టుకొని లోపలికి వచ్చును. కూలివారు చీకటిలో చిక్కుకొందురు.

గనిలోనికి దిగువారిని చూచినప్పుడెల్ల నాకు యోబు గ్రంథము 28వ అధ్యాయము జ్ఞాపకమునకు వచ్చును. మనుష్యులు నడచు త్రోవలకు దూరముగా భూమిని తొలిచి, అడుగు ఆనని చోట వ్రేలాడుచు, చీకటి అంతు చూచువారి పనిని ఆ భక్తుడు ఎంతో ఆశ్చర్యముతో వర్ణించెను. వెండి దొరకు చోటు, ఇనుము దొరకు చోటు మనుష్యుడు ఎరుగును. వివేచన దొరకు చోటును మాత్రము ఎరుగడని ఆ అధ్యాయపు తాత్పర్యము.

చిత్రము సగమైనను కాకమునుపే మా పిల్లలకు కోపము వచ్చెను. “గా సేటును బట్టుకొని గదే గనిల ఏయాలె” అని ఒకడనెను. అందరు ఔననిరి. నేనును అంటిని. అప్పుడు స్తంభము నానుకొని కూర్చున్న ఒక యువకుడు, కుడిచేతికి రెండు వ్రేళ్లు లేనివాడు, మెల్లగా, “అయ్యగారూ, గా సేటుకు కాయిదాలు ఎవరు రాసిస్తుండ్రి?” అని అడిగెను. ఎవరును అతని మాట పట్టించుకొనలేదు. నేనును జవాబు చెప్పక సినిమావైపు ముఖము త్రిప్పుకొంటిని. ఆ ప్రశ్న సంగతి తరువాత చెప్పెదను.

బొగ్గుగనుల అన్యాయమును చూపు చిత్రములు ఇంకను కలవు. 2012లో వచ్చిన ‘గ్యాంగ్స్ ఆఫ్ వాసేపూర్’ ధన్‌బాదు ప్రాంతమున బొగ్గు చుట్టు పెరిగిన దౌర్జన్యమును మూడు తరములవరకు చూపును. (బూతులును రక్తమును మిక్కుటము. ఇంటిల్లిపాది చూడదగినది కాదని తల్లిదండ్రులకు మనవి.) మన సింగరేణి ప్రాంతపు ఊరిని తీసికొని 2023లో ‘దసరా’ అను తెలుగు చిత్రము వచ్చెను. అందులో ఊరి రాజకీయమంతయు ఒక సారాయి దుకాణము చుట్టు తిరుగుచుండును. ఈ చిత్రములన్నిటిలోను దుష్టునికి ఒక ముఖమున్నది, పేరున్నది. వాడు పడిపోగానే మన మనస్సు తేలికపడును. ఫోను కట్టివేసి సుఖముగా నిద్రపోవుదుము.

అయితే ‘కాలా పత్థర్’ ఏ విపత్తును ఆధారము చేసికొని తీయబడెనో ఆ సంగతి వేరు. ధన్‌బాదుకు చేరువనున్న చాస్నాలా గనిలో 1975 డిసెంబరు 27న, పైనున్న పాత త్రవ్వకములలో నిలిచిన నీరు ఒక్కసారిగా క్రిందికి విరుచుకొని పడెను. 370మందికి పైగా గని కార్మికులు చనిపోయిరి. ఆ గని ఏ ధనరాజుదియు కాదు. అది ఒక ఇనుము ఉక్కు కంపెనీది. ఆ కంపెనీ అజమాయిషీని 1972లోనే కేంద్రప్రభుత్వము తన చేతిలోనికి తీసికొనియుండెను. సినిమాలో ఒక సేటు నుంచిన చోట నిజమున మేనేజర్లు, తనిఖీలు, పటములు, సంతకములు ఉండెను. కొట్టుటకు ఒక్క చెంప కనబడదు.

దేశములోని గనులను 1971 మొదలు 1973 వరకు ప్రభుత్వపరము చేసినప్పుడు, ఇక సేటుల పీడ వదలెనని అనేకులు సంతోషించిరి. సంతోషించుటకు కారణము లేకపోలేదు. కూలివారి జీతము, ఇల్లు, వైద్యము అంతకు మునుపటివలె లేకుండ బాగుపడెను. అయినను లోభము కాగితములోనికి దిగెను. 1993 మొదలు జరిగిన బొగ్గు బ్లాకుల కేటాయింపులు చట్టవిరుద్ధమైనవని సుప్రీంకోర్టు 2014లో తీర్పు చెప్పి, వాటిలో 214 బ్లాకులను రద్దు చేసెను. ఈ పాపములో తుపాకి లేదు, కొరడా లేదు. కలమున్నది. నీరు మాత్రము కాగితము చదువదు. మన సింగరేణిలోనే 2003 జూన్ 16న గోదావరిఖనిలోని ఒక గనిలో నీరు చొచ్చి 17మంది చనిపోయిరి. సింగరేణియు ప్రభుత్వ కంపెనీయే.

ఇప్పుడు నాతాను ప్రవక్త యొద్దకు వత్తము. అతడు దావీదునకు ఒక కథ చెప్పెను. అనేక గొఱ్ఱెలుగల ధనవంతుడొకడు, బీదవాని ఏకైక గొఱ్ఱెపిల్లను పట్టి అతిథికి వండించెనట. దావీదు మండిపడెను. ఆ కోపము నటన కాదు. రాజుకు నిజముగా బీదవాని మీద జాలి కలిగెను, ధనవంతుడు చావదగినవాడని తోచెను. మా వరండాలో మాకు కలిగిన కోపమును అటువంటిదే. నాతాను అంతటితో లేచి వెళ్లిపోయినయెడల దావీదు ఆ రాత్రి తాను న్యాయవంతుడనని తలంచి నిద్రపోయియుండును. సినిమా మనలను అక్కడనే విడిచిపెట్టును. ప్రవక్త విడిచిపెట్టలేదు, ఆ ధనవంతుడు మరెవడో కాదని రాజు ముఖముననే చెప్పెను.

ఇంతవరకు ప్రసంగములలో మీరు వినినదే. నేను ఎన్నిసారులో చదివియు గమనింపనిది దాని ముందటి అధ్యాయములో నున్నది. ఊరియాను దావీదు తన చేతితో చంపలేదు. ఒక ఉత్తరము వ్రాసెను. ఆ ఉత్తరమును ఊరియా చేతికే ఇచ్చి పంపెను. తన మరణపు కాగితమును ఆ మనుష్యుడు తానే మోసికొని పోయెను, నమ్మకముగా, విప్పి చూడక.

మనము బొగ్గుగనులకు దూరస్థులమని తలంచుదుము. కొత్తగూడెమెక్కడ, వనపర్తి ఎక్కడ? కాని మన బోరు మోటారు తిరుగు కరెంటులో ఆ బొగ్గున్నది. ఇంకొక సంగతి. పాలమూరు కూలి అనగా దేశమంతట ఎరిగినవారే. ఎవరి ఊరికో నీళ్లు పోవు కాలువలు, ఆనకట్టలు, సొరంగములు మన తాతలు త్రవ్విరి, మన చేలు ఎండుచుండగా. గుంపు మేస్త్రీ ముందు డబ్బు ఇచ్చును. ఆ అప్పు తీరువరకు కుటుంబమంతయు అతడు చూపిన చోట పని చేయవలెను. వలసకూలీల కొరకు చట్టము చేసినదియు ‘కాలా పత్థర్’ వచ్చిన ఆ 1979లోనే. చట్టము ఢిల్లీలో నుండెను, మేస్త్రీ మన వీధిలో నుండెను.

కాలము తిరిగెను. 2025 ఫిబ్రవరి 22న మన నాగర్‌కర్నూలు జిల్లాలోనే, దోమలపెంట యొద్ద శ్రీశైలము ఎడమగట్టు కాలువ సొరంగములో పైకప్పు కూలి, బురదయు నీరును ముంచుకొని వచ్చెను. లోపల సుమారు 14 కిలోమీటర్ల దూరమున ఎనిమిదిమంది చిక్కుకొనిరి. వారిలో నలుగురు జార్ఖండు కూలివారు. అనగా చాస్నాలా యున్న దేశమునుండి వచ్చినవారు. మునుపు మనవారు పోయి ఇతరులకు త్రవ్విరి. ఇప్పుడు ఇతరులు వచ్చి మనకు త్రవ్వుచున్నారు. వారిని వెదకుటకు సైన్యము వచ్చెను, సింగరేణి రక్షక దళమును వచ్చెను. మార్చిలో రెండు శవములు దొరికెను. ఏప్రిలు చివర, తక్కిన ఆరుగురు దొరకకమునుపే, వెదకుట ఆపివేయబడెను.

ద్వితీయోపదేశకాండములో ఒక విధి కలదు. పొలములో ఒకని శవము కనబడి, చంపినవాడెవడో తెలియనప్పుడు, పెద్దలు బయలుదేరి శవము మొదలుకొని చుట్టునున్న ఊళ్లవరకు దూరము కొలువవలెను. ఏ ఊరు దగ్గరనున్నదో ఆ ఊరి పెద్దలు పెయ్యను తెచ్చి, ఏటియొద్ద చేతులు కడుగుకొని, ఆ రక్తమును గూర్చి దేవుని యెదుట మాట చెప్పవలెను. హంతకుడు తెలియనంత మాత్రమున ఎవరికిని సంబంధము లేదని ధర్మశాస్త్రము ఒప్పుకొనలేదు. కొలత పెట్టుమనెను. దోమలపెంటలో ఎవరిది తప్పో విచారించుటకు అధికారులున్నారు. నేను తీర్పరిని కాను. అయితే కొలత పెట్టినయెడల మన సంఘములు దగ్గరనే యున్నవి. ఆ దినములలో నేను ఆదివారపు ప్రార్థనలో ఆ ఎనిమిదిమందిని ఒక్కసారి జ్ఞాపకము చేసికొంటిని. మరుసటి ఆదివారము మరచితిని.

ఇక ఆ యువకుని ప్రశ్న. ఏడేండ్ల క్రిందట మా సంఘస్థుడైన ఒక మేస్త్రీ నా యొద్దకు వచ్చి, “అయ్యగారూ, పిలగానికి పద్దెనిమిదేండ్లు నిండినయని సంఘం ముద్రేసి ఒక కాయిదం రాసియ్యుండ్రి” అని అడిగెను. రిజిస్టరు ప్రకారము ఇంకను తొమ్మిది నెలలు తక్కువ. ఆ పిల్లవాని తండ్రి అప్పుల పాలైయుండెను, తల్లి నా గుమ్మములో నిలిచి బ్రతిమాలుకొనెను. అంతకు మునుపటి నెలలోనే ఆ మేస్త్రీ కృతజ్ఞతార్పణగా మందిరమునకు నాలుగు ఫ్యాన్లు ఇచ్చియుండెను. తల్లి కన్నీళ్లకు వ్రాసితినో ఫ్యాన్లకు వ్రాసితినో దేవుడెరుగును. వ్రాసితిని, ముద్ర వేసితిని, మడిచి పిల్లవాని చేతికే ఇచ్చితిని. పొరుగు రాష్ట్రపు సొరంగపు పనిలో రాళ్లు తోలు బెల్టులో వాని చేయి పడెను. ఆసుపత్రి ఖర్చు ముందు డబ్బులో కలుపబడెను. వాడు అడిగిన ప్రశ్న నన్ను ఎత్తిపొడుచుటకో, ఊరకనే అడిగినదో నేను నేటికిని ఎరుగను.

జనవరిలో సంఘపెద్దల కూటమున రిజిస్టరు తెరచి, మేస్త్రీ పేరుకంటె ముందు నా పేరు చెప్పితిని. కొంతసేపు ఎవరును మాటలాడలేదు. తరువాత ఆ మేస్త్రీ, “నేను తోలుకపోకుంటే ఆళ్లు ఏం దినాలె అయ్యగారూ?” అనెను. ఇది కొట్టివేయదగిన మాట కాదు. వానలు లేని యేట నేను ఎవరికిని గింజలు పెట్టలేదు. అతడు ముందు డబ్బు పెట్టెను. నా యొద్ద సరియైన జవాబు లేకపోయెను. ముందు డబ్బు, రోజుకూలి, కోతలు కుటుంబము ఎదుట రెండు ప్రతులు వ్రాయవలెనని మాత్రము అడిగితిని. ఈ యేటికి ఒప్పుకొనెను. వయస్సు కాగితములు ఇక వ్రాయరాదని పెద్దలు తీర్మానించిరి. ఫ్యాన్ల మాట ఒక పెద్ద ఎత్తెను గాని, ఎండలు వచ్చుచున్నవని ఇంకొకరు వాయిదా వేయించిరి.

ఆ యువకుని ఇంటికి రెండుసారులు పోయితిని. మొదటిసారి అతడు ఇంట లేడు. రెండవసారి ఉండెను. చెప్పవలసినది చెప్పి, క్షమించుమని అడిగితిని. అతడు చాలసేపు ఊరకుండి, “గా కాయిదం గిప్పుడు యాడున్నదో ఏమో అయ్యగారూ” అనెను. నాకును తెలియదు.