సాక్ష్యభారము

నేలపై పారు నీటికి కన్నే సాక్షి. ఏటినీటి రంగు మారినచో రేవునకు వచ్చిన వాడెవడైనను చెప్పగలడు. నేల లోపలి నీటికి అట్టి సాక్షి లేదు. అందుచేతనే దానిని గూర్చిన వివాదములలో మొట్టమొదట తలయెత్తునది వేరొక ప్రశ్న: హాని జరిగినదని త్రాగువాడు నిరూపింపవలెనా, జరుగదని త్రవ్వువాడు నిరూపింపవలెనా?

అమెరికాలో ఈ ప్రశ్న రాతిని పగులగొట్టు పనితో వచ్చినది. ఇసుక, రసాయనములు కలిపిన నీటిని మిక్కుటమైన ఒత్తిడితో లోతునకు పంపి, రాతిని చీల్చి, చమురును వాయువును వెలికి తీయుట అక్కడ 1949 నుండి వ్యాపారముగా సాగుచున్నది. పగిలెడి రాయి సాధారణముగా మంచినీటి బావులకు వేల అడుగుల దిగువన ఉండును గనుక భయము లేదని పరిశ్రమవారి వాదము. అందు కొంత నిజము కలదు. అయితే విషము పైకి వచ్చుటకు రాతినే చీల్చుకొని రానక్కరలేదు. గొట్టము చుట్టును పోసిన సిమెంటు చెడినను చాలును, తిరిగి వచ్చిన మురుగు నేలపై ఒలికినను చాలును. 2005 నాటి ఇంధన శాసనము, డీజిలు వాడిన సందర్భమున తప్ప, ఈ పనిని త్రాగునీటి రక్షణ చట్టపు అనుమతుల నుండి మినహాయించినది. రసాయనములలో కొన్నింటి పేర్లు వ్యాపార రహస్యములుగా మిగిలినవి. 2016లో అక్కడి పర్యావరణ సంరక్షణ సంస్థ, కొన్ని పరిస్థితులలో త్రాగునీటికి హాని కలుగుననియు, ఎంత తరచుగా కలుగుచున్నదో తేల్చుటకు సమాచారము చాలదనియు చెప్పినది. త్రవ్వకమునకు పూర్వము బావినీరు ఎట్లుండెనో పెక్కుచోట్ల పరీక్షించినవారు లేరు. లేని లెక్క ఎవరికి లాభించినదో వేరుగ చెప్పనక్కరలేదు.

రాయపూరునకు ఉత్తరమున, బిలాసపురము పోవు దారిలో నున్న సిల్తారాలో రాతిని ఎవరును పగులగొట్టుట లేదు. ఆ పని ప్రకృతియే ఎన్నడో చేసిపెట్టినది. ఆ ప్రాంతపు అడుగున సున్నపురాయి కలదు. నీరు దాని పగుళ్లలోను, రాయి కరగి ఏర్పడిన తొర్రలలోను నిలుచును. ఇసుకనేల వలె అది నీటిని వడగట్టదు. పైన స్పాంజి ఇనుము కర్మాగారములు. ఇనుపరాయి, బొగ్గు, డోలమైటు తిరుగుడు కొలిమిలో కాలగా మిగిలిన మసి పొలముపై నల్లగా పేరుకొనుటను రైతు చూపగలడు. బూడిద కుప్పపై కురిసిన వాన ఏ పగులున దిగి ఎవరి చేతిపంపులో తేలునో చూపలేడు. కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి 2009లో దేశమందలి 88 పారిశ్రామిక ప్రాంతములను పరిశీలించి రాయపూరును తీవ్రముగా కలుషితమైన వానిలో చేర్చినది. కాని అట్టి సూచిక ఒక బావి కథను చెప్పదు.

ఇట్టి సందేహము హైదరాబాదు మంచినీటి చెరువులైన హిమాయత్‌సాగరు, ఉస్మాన్‌సాగరుల విషయమున వచ్చినప్పుడు, ఉన్న స్థితిని మార్చగోరువానిదే నిరూపణభారమని సుప్రీంకోర్టు 1999లో పలికినది. దీనికి బలమైన ఆక్షేపణ లేకపోలేదు. ఎన్నటికిని హాని జరుగదని ఎవడును నిరూపింపలేడు. అట్లు పట్టుబట్టినచో ఒక్క కొలిమియు వెలుగదు, ఆ కొలిమిపై బ్రతుకు కూలివాని పొయ్యియు వెలుగదు. నిజమే. అయితే ఇక్కడ కోరునది శాశ్వతమైన నిర్దోషిత్వము కాదు. తెలిసినవాడు తెలిసినది దాచకుండుట మాత్రమే. తాను నేలపై పోయుచున్నదేమో కర్మాగారమునకు తెలియును, గ్రామమునకు తెలియదు. కొలిమి రాజేయుటకు ముందు చుట్టుపట్ల బావుల నీటిని పరీక్షించి, ఆ లెక్కను పంచాయతీ గోడపై వ్రాయించుటకు అగు వ్యయము, ఆ కొలిమి వెలతో పోల్చినచో ఎన్నదగినది కాదు.