వర్ణభీతి అనే మాట

ఇంగ్లీషు భాషలో ‘ఫోబియా’ అనే ప్రత్యయంతో ముగిసే పదాలు కొల్లలు. ఎత్తయిన చోట్లంటే భయం, ఇరుకు గదులంటే భయం, సాలెపురుగంటే భయం: ఒక్కొక్క భయానికి గ్రీకు మూలం నుంచి ఒక్కొక్క పేరు. వాటిలో అధికభాగం నిఘంటువులకే పరిమితం; మనుషుల నోళ్లలో నానినవి కొద్ది. ఒకప్పుడు విరివిగా వాడుకలో ఉండి నేడు దాదాపు మరుగున పడిన అటువంటి మాట ఒకటి ‘కలర్‌ఫోబియా’. అమెరికాలో బానిసత్వ నిర్మూలనకోసం పోరాడినవారు 19వ శతాబ్ది ద్వితీయ పాదంలో తమ పత్రికలలో దానిని ప్రచారంలోకి తెచ్చారు.

దీనిని తెలుగు చేయబూనినవారికి తొలి అడుగులోనే చిక్కు ఎదురవుతుంది. ‘వర్ణభీతి’ అంటే రంగు పట్ల భయం అని ఒక అర్థం. వర్ణవ్యవస్థ పట్ల భయం అని మరొక అర్థం. ఈ చిక్కు తెలుగుది. రెండవ చిక్కు మూలపదంలోనే ఉంది. ఆ మాట సూచించేది భయాన్నా, ద్వేషాన్నా, వ్యాధినా? ఒక మనిషి చర్మపు రంగును చూసి అతనిని బండిలోనుంచి దింపివేసే మరొక మనిషిని ఏమనాలి? రోగి అనాలా, దోషి అనాలా? ఒక పదాన్ని ఎంచుకోవడంలోనే ఈ ప్రశ్నకు సగం జవాబు చెప్పినట్లవుతుంది.

ఆ పదానికి తల్లివంటిది ‘హైడ్రోఫోబియా’. పిచ్చికుక్క కాటు వలన కలిగే వ్యాధికి గ్రీకులు పెట్టిన పేరది. క్రీస్తుశకం మొదటి శతాబ్దికి చెందిన రోమన్ రచయిత సెల్సస్ దానిని వర్ణిస్తూ, రోగిని దప్పిక, నీటి భయం ఏకకాలంలో పీడిస్తాయని గుర్తించారు. మన సుశ్రుత సంహిత కూడా కల్పస్థానంలో ఈ లక్షణాన్ని జలత్రాసం అని పేర్కొని, దానిని మరణసూచకంగా పరిగణించింది. నిజానికి ఆ రోగికి నీటిపై వైరం లేదు. దప్పికతో నాలుక పిడచకట్టుకుపోతుంటుంది. గుక్కెడు నీరు మింగబోతే గొంతు కండరాలు బిగదీసుకుపోతాయి. ఆ యాతన ఎరిగిన దేహం నీటిని చూసినంతనే వణుకుతుంది. అక్కడ ‘భయం’ అనేది మనసుకు సంబంధించిన మాట కాదు, గొంతుకు సంబంధించిన మాట. ఆ రోగిని ఎవరూ నిందించరు.

రసాయనశాస్త్రంలో ఈ పదం మరొక విచిత్రమైన దారి పట్టింది. నీటితో కలవని పదార్థాలను శాస్త్రజ్ఞులు జలభీతి గలవిగా వ్యవహరిస్తారు. నూనె అందుకు ఉదాహరణ. అయితే నూనె నీటిలో కలవకపోవడానికి ప్రధాన కారణం నూనెలోని విముఖత కాదు. నీటి అణువులు ఒకదానినొకటి గట్టిగా పట్టుకొని ఉండడం వల్ల నూనెకు వాటి నడుమ చోటు దొరకదు. వెలివేసేది నీరు, భయస్తురాలన్న పేరు మాత్రం నూనెకు! పేరు పెట్టడంలో జరిగే ఇటువంటి తారుమారు శాస్త్రానికే పరిమితం కాలేదు.

‘ఫోబియా’ను హైడ్రోఫోబియానుంచి విడదీసి వేరే మాటలకు అతికించే వేడుకను అమెరికాలో తొలుత చేపట్టినవారిలో ఫిలడెల్ఫియా వైద్యుడు బెంజమిన్ రష్ ఒకరు. అమెరికా స్వాతంత్ర్య ప్రకటనపై సంతకం చేసినవారిలో ఆయన ఉన్నారు. 1786లో ఒక పత్రికలో రకరకాల ఫోబియాలను వర్ణిస్తూ ఆయన ఒక వ్యంగ్య రచన చేశారు. పిల్లి భయం, ఎలుక భయం, దయ్యాల భయం, వైద్యుల భయం మొదలుకొని, ఇంటి పట్టున ఉండలేని మగవారి గృహభీతి వరకు అందులో ఉన్నాయి. సరదాగా సాగిన ఆ రచనలో ఒక నిర్వచనం మాత్రం గంభీరమైనది. లేని కీడుకు భయపడడం, లేదా ఉన్న కీడుకు మితిమీరి భయపడడం ఫోబియా అని ఆయన తేల్చారు. దాదాపు రెండు శతాబ్దాల తరువాతి మనోవైద్యులు కూడా ఇంతకు మించి పెద్దగా చెప్పింది లేదు.

రాజకీయాలలోకి ఈ ప్రత్యయం అడుగుపెట్టినప్పుడు అర్థం నిలకడ కోల్పోయింది. 1793లో ఫ్రాన్సు, ఇంగ్లండుల యుద్ధంలో అమెరికా తటస్థంగా ఉండాలా అన్న చర్చ సాగుతున్న రోజులలో థామస్ జెఫర్సన్ తన మిత్రుడు జేమ్స్ మాడిసన్‌కు రాసిన ఉత్తరంలో, తమ మంత్రాంగంలోని ముగ్గురికి ‘ఆంగ్లోఫోబియా’ పట్టుకున్నదని ఎత్తిపొడిచారు. అక్కడ ఆ మాటకు ఇంగ్లండును ఎక్కడ నొప్పిస్తామో అన్న జంకు అని అర్థం. తరువాతి కాలంలో అదే మాట ఇంగ్లండు పట్ల ద్వేషం అన్న అర్థంలో స్థిరపడింది. ఇంగ్లండుకు తలవంచేవారిని సూచించిన పదమే ఇంగ్లండుపై కత్తులు నూరేవారికి పేరైంది. భయానికీ ద్వేషానికీ మధ్య గోడ ఎంత పలచనో దీనివల్ల తెలుస్తున్నది.

ఫోబియాలను వర్గీకరించిన రష్, బానిసత్వాన్ని ఖండిస్తూ 1773లోనే కరపత్రం రాసిన సహృదయుడు. అటువంటి వ్యక్తి ఒక విద్వత్సభ ముందు విచిత్రమైన వాదన వినిపించారు. నల్లవారి చర్మవర్ణం కుష్ఠువ్యాధి వలన సంక్రమించినదై ఉండవచ్చునట! ఆ వ్యాసం 1799లో అచ్చయింది. రోగులపై దయ చూపాలి గనుక వారిపై రెట్టింపు దయ చూపాలన్నది ఆయన ఉద్దేశం. ఉద్దేశం మంచిదే. కాని ఆ దయ కూడా వ్యాధిని నల్లవాని చర్మంలోనే నిలిపింది. చూసేవాని కంటిని పరీక్షించాలన్న ఆలోచన ఆ వైద్యునికి కలగలేదు.

కలర్‌ఫోబియా అనే మాట సాధించిన ఘనత ఇక్కడే ఉన్నది. అది వ్యాధి చిరునామాను మార్చివేసింది. చర్మంలో ఉన్నదనుకున్న జబ్బును తెచ్చి చూసేవాని చూపులో పెట్టింది. 1838లో బానిసత్వం నుంచి తప్పించుకొని వచ్చిన ఫ్రెడరిక్ డగ్లస్ 1849 మే నెలలో తన ‘నార్త్ స్టార్’ పత్రికలో ఈ మాటనే శీర్షికలో నిలిపి ఒక వ్యాసం ప్రకటించారు. నల్లజాతి పురుషుడు తెల్లజాతి స్త్రీలతో కలిసి న్యూయార్కు వీధిలో నడవడాన్ని చూసిన జనం ఎలా కలవరపడిందో ఆయన వైద్యుని నివేదిక ధోరణిలో వర్ణించారు. నగరమంతా మహమ్మారి సోకిందనీ, బండ్లలో వెళ్లేవారు మూకుమ్మడిగా దాని వాతపడి ఊళలు పెట్టారనీ రాశారు. ఫోబియా అనగానే పిచ్చికుక్క గుర్తుకు వచ్చే కాలమది. పాశ్చర్ టీకా రావడానికి ఇంకా 36 ఏళ్లు ఉన్నాయి. ఆ ఊళల వర్ణనలోని ఎత్తిపొడుపు పాఠకులకు విప్పి చెప్పనక్కరలేదు.

వ్యంగ్యంగా ఆ మాట అద్భుతమైన ఆయుధం. వర్ణనగా నిలబడుతుందా అన్నది వేరే ప్రశ్న. ఆ ప్రశ్నకు డగ్లస్ రచనలోనే సమాధానం దొరకడం విశేషం. 1850లో స్త్రీలతో కలిసి వెళుతున్నందుకు న్యూయార్కులో ఆయనపై దాడి జరిగింది. అదే రోజున నల్లజాతి సేవకులను వెంటబెట్టుకొని వాహ్యాళికి వెళుతున్న తెల్ల దొరసానులు కూడా ఆయన కంటపడ్డారు. వారిని ఎవరూ అడ్డగించలేదు. సేవకులుగా ఉన్నంతకాలం తమ రంగు ఎవరికీ కంటగింపు కాదనీ, సమానులుగా నిలబడినప్పుడే అది భరింపరానిదవుతుందనీ ఆయన ఆ మరుసటి నెల తన పత్రికలో రాశారు.

ఈ పరిశీలన ముందు వ్యాధి సిద్ధాంతం వీగిపోతుంది. సాలెపురుగు భయం గలవానికి సాలెపురుగు వంగి దండం పెట్టినా భయం పోదు. పిచ్చికుక్క కాటుకు గురైనవానికి నీరు వెండి గిన్నెలో ఇచ్చినా గొంతు దిగదు. నిజమైన ఫోబియా అంతస్తులను లెక్కచేయదు. పల్లకీ మోసేటప్పుడు కనిపించని రంగు పక్కన కూర్చున్నప్పుడు మాత్రమే కనిపిస్తున్నదంటే, అక్కడ పనిచేస్తున్నది కంటి దోషం కాదు, హోదా లెక్క. ఆ లెక్క మహా తెలివిగా, పొరపాటు లేకుండా సాగుతుంది. 1835లో వెలువడిన తన గ్రంథంలో ఫ్రెంచి రచయిత టాక్విల్ సైతం ఇటువంటిదే గమనించారు. బానిసత్వం కొనసాగుతున్న రాష్ట్రాలలోకంటె దానిని రద్దుచేసిన రాష్ట్రాలలో వర్ణద్వేషం తీవ్రంగా ఉన్నదని ఆయన రాశారు. చట్టం గీసిన గీత చెరిగిన చోట మనుషులు తమంతట తాము గీత గీసుకున్నారు.

అయితే అందులో భయం బొత్తిగా లేదా? ఉన్నది. కాని అది రష్ నిర్వచనానికి లొంగేది కాదు. సమానత్వం వస్తే తన పెద్దరికం పోతుందని భయపడేవాడు లేని కీడును ఊహించుకోవడం లేదు. పెద్దరికం నిజంగానే పోతుంది. మితిమీరి భయపడడమూ లేదు. పోయేది పూర్తిగానే పోతుంది. అతని అంచనాలో తప్పు లేదు. తప్పల్లా తనది కానిదానిని తనదనుకోవడంలో ఉన్నది. దొంగసొత్తు చేజారుతుందేమోనని దొంగ పడే భయానికి వైద్యుడు చేయగలిగిందేమీ లేదు.

వ్యాధి అనే మాట రెండువైపులా పదును గల కత్తి అని అదే దశాబ్దంలో రుజువైంది. 1851లో శామ్యూల్ కార్ట్‌రైట్ అనే దక్షిణ రాష్ట్రాల వైద్యుడు బానిసలు పారిపోవడాన్ని ‘డ్రేపెటోమేనియా’ అనే మానసిక వ్యాధిగా ప్రకటించి, దానికి నివారణోపాయాలు కూడా సూచించారు. స్వేచ్ఛను కోరడమే పిచ్చి! ఒకరిని రోగి అని ప్రకటించే అధికారం ఎవరి చేతిలో ఉంటే వారి ప్రత్యర్థి రోగి అవుతాడు. డగ్లస్ చేతిలో అది పరిహాసం. కార్ట్‌రైట్ చేతిలో అది వైద్యం. రెండవది ఎంత ప్రమాదకరమో వేరే చెప్పనక్కరలేదు.

ఈ వివాదం పాతబడలేదు. స్వలింగ ప్రేమికుల పట్ల ఏవగింపుకు ‘హోమోఫోబియా’ అన్న పేరును మనోవైద్య చికిత్సకుడు జార్జ్ వైన్‌బర్గ్ 1972 నాటి తన పుస్తకం ద్వారా వ్యాప్తిలోకి తెచ్చారు. అప్పటికి అమెరికా మనోవైద్యుల జాబితాలో స్వలింగ ప్రేమే ఒక వ్యాధి. దానిని మరుసటి ఏడాదిగాని తొలగించలేదు. అంటే ఇక్కడ కూడా జరిగింది చిరునామా మార్పే. 2012లో అసోసియేటెడ్ ప్రెస్ వార్తాసంస్థ రాజకీయ, సామాజిక సందర్భాలలో ఫోబియా పదాలను వాడవద్దని తన విలేకరులకు సూచించింది. ఇతరుల మనసులో జబ్బు ఉన్నదని విలేకరి నిర్ధారించలేడన్నది దాని వాదన. వైన్‌బర్గ్ అందుకు అంగీకరించలేదు. వార్తాసంస్థ మాటలో న్యాయం ఉన్నది. కాని ఆ స్థానంలో పెట్టడానికి అంత సూటి అయిన మాట మరొకటి దొరకకపోవడం కూడా నిజం.

భారతీయ పాఠకునికి ఇదంతా పరాయి కథగా తోచదు. అమెరికాలో బానిసత్వాన్ని నిర్మూలించినవారికి మహాత్మా ఫూలే 1873లో తన ‘గులాంగిరి’ని అంకితం చేసినప్పుడే ఈ రెండు కథలకూ ముడి పడింది. తెలుగులో ‘అంటరాని’ అన్న విశేషణాన్ని పరికిస్తే ఆ ముడి మరింత స్పష్టమవుతుంది. అంటు అంటే తాకిడి. అంటువ్యాధిలోనూ అదే అంటు. మామిడికి అంటుకట్టడంలో జీవం పోసే ఈ ధాతువే మనిషికి వచ్చేసరికి రోగాన్ని స్ఫురింపజేసింది. పైగా అంటరానివాడు అనడంలో అంటడానికి నిరాకరించేవాని ప్రస్తావనే లేదు. దోషమంతా తాకబడనివానిదే అన్నట్లు వ్యాకరణం తీర్పు చెప్పింది. రష్ వైద్యంలో జరిగింది తెలుగు సమాసంలోనూ జరిగింది. నూనెకే భయస్తురాలన్న పేరు.

డగ్లస్ గమనించిన హోదా లెక్క ఇక్కడా తప్పలేదు. నాటు వేసిన చేతులు, కోత కోసిన చేతులు, కళ్లంలో ధాన్యం తూర్పారబట్టిన చేతులు ఎవరివో ఎరిగిన ఇల్లే ఆ ధాన్యాన్ని నిశ్చింతగా గాదెకెత్తింది. ఆ చేతులే గడప దాటి మంచినీళ్ల కుండను ముట్టబోతే మైల వచ్చిపడింది. 1936లో ప్రచురితమైన ‘కులనిర్మూలన’లో అంబేద్కర్ కులాన్ని ఇటుకల గోడ వంటిది కాదని, అది ఒక భావన, ఒక మానసిక స్థితి అని చెప్పారు. ఇంతవరకు ఫోబియావాదులకు దగ్గరగానే ఉన్నట్లు కనిపిస్తారు. కాని ఆ వెంటనే ఆయన దారి వేరవుతుంది. హిందువులు కులాన్ని పాటించేది క్రూరులై కాదు, మతి చలించి కాదు; తమ మతాన్ని శ్రద్ధగా నమ్ముతున్నందువల్ల అని ఆయన వాదించారు. రోగి అనడంలోని జాలిని, రాక్షసుడు అనడంలోని ఆవేశాన్ని రెంటినీ ఆయన పక్కకు పెట్టారు. నమ్మకాన్ని మనిషి ఎంచుకొని నిలుపుకుంటాడు గనుక దానిని వదులుకొమ్మని అడగవచ్చు. గొంతు బిగుసుకున్న రోగిని నీళ్లు తాగమని ఎవరూ ఆజ్ఞాపించలేరు.

రాజ్యాంగంలోని 17వ అధికరణం అస్పృశ్యతను రద్దుచేసింది గాని దానికి నిర్వచనం ఇవ్వలేదు. దానిని అనుసరించి 1955లో వచ్చిన చట్టం 1976లో సవరణ పొంది పౌరహక్కుల పరిరక్షణ చట్టం అనే పేరు దాల్చింది. అందులోని 12వ విభాగం ప్రకారం, షెడ్యూల్డు కులానికి చెందిన వ్యక్తి విషయంలో ఆ చట్టం నేరంగా పేర్కొన్న పని జరిగినట్లయితే, అది అస్పృశ్యత కారణంగానే జరిగిందని న్యాయస్థానం భావించాలి. కాదని రుజువు చేసుకోవలసిన బాధ్యత ముద్దాయిది. అతని మనసులో ఉన్నది భయమా, ఏవగింపా, అలవాటా అన్న పరీక్షను ఆ విభాగం ఎవరినీ చేయమనలేదు.