మైకు ఎవరు మూయాలి?

ఆన్‌లైన్ ఆటల్లో తిట్లు మామూలే కదా, వినలేకపోతే మ్యూట్ నొక్కుకోవచ్చు కదా, దీన్ని కూడా ముస్లింల సమస్య చేయాలా అని అడిగే మిత్రులున్నారు. వాళ్ళు మాకు పరాయివాళ్ళు కాదు. మాకు అన్యాయం జరిగితే పత్రికకు ఉత్తరం రాసేవాళ్ళు, ఊరేగింపులో మా పక్కన నడిచేవాళ్ళు. అడిగింది వాళ్ళు కాబట్టే జవాబు చెప్పాలనిపిస్తుంది. గిట్టనివాడు అడిగితే చెప్పాల్సిన పని లేదు.

ముందు ఆట సంగతి. మా తరానికి ఆటంటే గోలీలు, బొంగరాలు, పెన్నలో నీళ్ళు లేని రోజుల్లో ఇసుకలో క్రికెట్. 2016 సెప్టెంబరులో జియో వచ్చి డేటా చవకైంది. 2018లో పబ్‌జీ సెల్‌ఫోనులోకి దిగింది. ప్రొద్దుటూరు బంగారు అంగళ్ళ వెనక సందుల్లో, జమ్మలమడుగు బస్టాండు చుట్టుపక్కల, పులివెందుల మిద్దెల మీద రాత్రిపూట పిల్లలు చెవుల్లో తీగలు పెట్టుకుని తమలో తామే మాట్లాడుకోవడం మొదలైంది. చూసిన ముసలివాళ్ళు పిల్లోడికి గాలి సోకిందనుకున్నారు. 2020 సెప్టెంబరు 2న కేంద్ర ప్రభుత్వం 118 యాప్‌లను నిషేధించింది. పబ్‌జీ అందులో ఒకటి. చవక ఫోన్లలో ఆడే ఫ్రీ ఫైర్ 2022 ఫిబ్రవరిలో నిషేధానికి గురైంది. పబ్‌జీ స్థానంలో 2021 జూలైలో వచ్చిన బీజీఎంఐ మరుసటి ఏడు జూలైలో మాయమై, 2023 మేలో తిరిగొచ్చింది. పేర్లు ఇట్లా మారుతూ వచ్చాయి గానీ మిద్దె మీది పిల్లలు అక్కడే ఉన్నారు.

ఆడని పాఠకులకు ఇంకొంచెం చెప్పాలి. 100 మంది వరకు విమానంలోంచి ఒక దీవి మీద దిగుతారు. చివరిదాకా ప్రాణాలతో మిగిలిన జట్టుది గెలుపు. జట్టుకు నలుగురు. నీకు ముగ్గురు దోస్తులు దొరక్కపోతే ఎక్కడెక్కడివాళ్ళనో యంత్రమే తెచ్చి కలుపుతుంది. శత్రువు ఏ దిక్కున ఉన్నాడు, మందు ఎవరి దగ్గరుంది, ఎవడు పడిపోయాడు అన్నీ చెప్పుకోవాలి. టైపు చేసే తీరిక ఉండదు, చేతులు రెండూ తుపాకీ మీదే. అందుకని గొంతు. తెర మీద ఒక మైకు బొమ్మ, ఒక స్పీకరు బొమ్మ ఉంటాయి. మైకు నీ నోరు, స్పీకరు నీ చెవి. ఏది కావాలంటే అది మూసుకోవచ్చు. జట్టులో ఒక్కడి గొంతునే మూసేయవచ్చు కూడా.

చూడటానికి ఎంత న్యాయంగా ఉంది! అందరికీ ఒకే బొమ్మ, ఒకే హక్కు.

కానీ మైకు తెరిస్తే గొంతు ఒక్కటే బయటికి పోదు. దాని వెనక ఇల్లు మొత్తం పోతుంది. వంటింట్లోంచి అమ్మీ కేక వేస్తుంది, "అరే, ఖానా ఠండా హోరా" అని. పక్క గదిలో నాని దగ్గుతూ అల్లా పేరు తలుచుకుంటుంది. అన్నిటికంటే ముఖ్యంగా, వేళకు మసీదు మైకులోంచి అజాన్ వస్తుంది. ఇరుకు సందుల్లో కాపురాలు మావి. మసీదు మైకుకూ మా పిల్లోడి మైకుకూ మధ్య ఒక గోడ, అంతే. అప్పటిదాకా "బ్రో, కవర్ ఇయ్యి బ్రో" అంటున్నవాడు ఒక్క క్షణం ఆగుతాడు. "ఒరేయ్, నువ్వు సాయిబువా?" అంటాడు. ఆ తర్వాత వచ్చేది ఒక దేశం పేరు.

ప్రొద్దుటూరులో మా చెల్లెలి కొడుకు ఒకడున్నాడు. ఇంటర్ చదువుతాడు. వాడు రోజూ తప్పకుండా ఒక పని చేస్తాడు. అజాన్ వేళకు మైకు మూస్తాడు. నమాజు కోసం కాదు. వాడి నమాజు సంగతి వాళ్ళమ్మకు తెలుసు, నాకూ తెలుసు. ఆటలో ఉంటే చాలు, ముయెజ్జిన్ గొంతు సవరించుకునే చప్పుడు వినగానే వేలు మైకు బొమ్మ మీదికి పోతుంది. ఎవరూ నేర్పలేదు. "యాలరా?" అంటే, "ఊరికే మామూ, డిస్టర్బెన్స్" అన్నాడు. ఆటలో వాడి పేరు కూడా ఏదో పాము పేరు, ఇంగ్లీషులో. ఆ పేరుతో ఉన్నంతసేపు వాణ్ణి ఎవరూ ఏమీ అడగరు.

మిత్రులు చెప్పే మ్యూట్ వేరు, మా పిల్లోడు నొక్కే మ్యూట్ వేరు. తిట్టేవాడి గొంతు మూయమని వీళ్ళంటారు. తిట్టు రాకముందే వాడు తన గొంతు మూసుకుంటున్నాడు. మొదటిది చెవికి సంబంధించింది, రెండోది ఉనికికి సంబంధించింది. రెండింటికీ ఒకే పేరు పెట్టింది యంత్రం.

మొదటిదాని మీద నాకు తగాదా లేదు. వినను అనుకోవడం పిరికితనమని మా పెద్దల్లో కొందరంటారు. "మేం ఎన్ని పడలేదు, ఎదురు నిలబడలేదా" అంటారు. నిలబడ్డారో లేదో గానీ, పడ్డారు. పడటం తప్ప వేరే దారి లేక పడ్డారు. భారత్ పాకిస్తాన్ క్రికెట్ ఉన్న రోజు టీ అంగట్లో అందరూ స్కోరు వైపు చూస్తారు, ఒకరిద్దరు మా మొహాల వైపు చూస్తారు. ఆ చూపుల గురించి ఖాదర్ మొహియుద్దీన్ 1991లోనే ‘పుట్టుమచ్చ’ రాశాడు. ఆ టీ అంగడికి మ్యూట్ లేదు. పులివెందుల నుంచి కడప పోయే బస్సులో వెనక సీటులో తురకోళ్ళ మీద జోకు మొదలైతే ఆ సీటుకు మ్యూట్ లేదు. దిగిపోతే నడవాలి. మా బతుకులో మొదటిసారి ఒక పిల్లోడికి, ఎవరితోనూ పోట్లాడకుండా, మధ్యలో దిగిపోకుండా, చెత్తమాట వినకుండా ఉండే వీలు చిక్కింది. దాన్ని నేను తక్కువ చేయను. మాట్లాడే హక్కు రాజ్యాంగంలో ఉంది నిజమే. ఎదుటివాడి చెవిని అద్దెకు తీసుకునే హక్కు దాంట్లో లేదు.

అయితే ఆ బొమ్మ నొక్కినందుకు ధర ఎవరు కడుతున్నారు? చెవి మూసుకున్నవాడికి తిట్టుతో పాటు కబురు కూడా అందదు. "కొండ మీద ఇద్దరున్నారు" అన్న మాట వాడు వినడు. ముందుగా చచ్చేది వాడే. తిట్టినవాడు మాత్రం మాట్లాడుతూనే ఉంటాడు, మిగతా ఇద్దరూ వింటూనే ఉంటారు. తన మాట ఒక చెవికి చేరడం లేదని చాలా ఆటల్లో వాడికి తెలియను కూడా తెలియదు. దెబ్బ తిన్నవాడే కట్టు కట్టుకోవాలి, మందుల ఖర్చూ వాడే పెట్టుకోవాలి.

ఇక ఆడపిల్లలు. మైకు జోలికే పోకుండా ఆడేవాళ్ళు ఉన్నారు. ఆడగొంతు వినిపిస్తే జట్టు ఎట్లా మారుతుందో మగపిల్లలనే అడగండి, తల వంచుకుని చెప్తారు. ముస్లిం అమ్మాయికి మూయాల్సినవి రెండు.

కంపెనీలు చూసుకుంటాయి గదా అంటారా? అవి చూసుకునే తీరు తెలుసుకోదగ్గదే. టైపు చేసిన మాటలకైతే తిట్ల జాబితా ఒకటి పెట్టుకుని, ఆ మాట కనపడితే చుక్కలు వేస్తారు. ఒక అక్షరం అటూ ఇటూ మారిస్తే చుక్కలు పడవు. గొంతుకైతే యంత్రం చెవి పెట్టారు. కాల్ ఆఫ్ డ్యూటీ అనే ఆటలో 2023 ఆగస్టులో మొదలుపెట్టారు, మొదట ఉత్తర అమెరికాలో, ఇంగ్లీషుకు. రేపు తెలుగుకూ వస్తుందనుకుందాం. కడప యాసకూ వస్తుందనుకుందాం. అది ఏం వింటుంది? ‘పాకిస్తాన్’ తిట్ల జాబితాలో ఉండదు, అది దేశం పేరు. ‘సాయిబు’ కూడా తిట్టు కాదు. ప్రొద్దుటూరులో గుడ్డల అంగడి శెట్టి మూడు తరాలుగా మా ఇంటివాళ్ళను "రా సాయిబూ, కూచో" అనే పిలిచాడు. ఆ పిలుపులో టీ ఉంది, అప్పు ఉంది, పెండ్లి బట్టల బేరం ఉంది. అదే మాట మొహం లేని గొంతులోంచి, అజాన్ విన్న మరుక్షణం వస్తే చెంపదెబ్బ. అక్షరాలు అవే. తేడా ఎక్కడుందో మా పిల్లోడికి తెలుసు, అన్నవాడికీ తెలుసు. యంత్రానికి ఎవరు చెప్పాలి?

మాటలే తీసేస్తే? అదీ చేసి చూశారు. హార్త్‌స్టోన్ అని 2014లో వచ్చిన పేకాట వంటి ఆటలో ఎదుటివాడితో మాట్లాడటానికి వీల్లేదు. నమస్కారం, బాగా ఆడావు, సారీ లాంటి ఆరు పలుకులు మాత్రం ఇచ్చారు. మనిషి బుద్ధి చూడండి, ఆ సారీనే ఎత్తిపొడుపుగా వాడారు. 2016లో దాన్ని తీసేసి ‘వావ్’ పెట్టాల్సొచ్చింది. అది ఇంకా వెటకారానికి పనికొచ్చింది. లీగ్ ఆఫ్ లెజెండ్స్ వాళ్ళు కొన్నేళ్ళ ముందే ఇంకో పని చేశారు. ఎదుటి జట్టుతో మాట్లాడే వరసను మూసిపెట్టి, కావాలనుకున్నవాళ్ళు తెరుచుకోవచ్చన్నారు. చాలామంది తెరుచుకున్నారు, మాటలు దాదాపు అన్నే సాగాయి, కానీ చెడ్డమాటలు 30 శాతానికి పైగా తగ్గాయి. తలుపు మూసి ఉండి, తెరవడానికి ఒక్క క్షణం ఆలోచించాల్సి రావడమే ఆ తేడా తెచ్చింది. అయినా అదే కంపెనీ తిట్లు తట్టుకోలేక 2021 అక్టోబరులో ఎదుటి జట్టుతో మాటలనే ఆపేస్తున్నట్టు ప్రకటించింది.

నాకు బాగా నచ్చింది 2012లో వచ్చిన ‘జర్నీ’. ఎడారిలో నడుస్తుంటావు. ఇంకో మనిషి ఎదురవుతాడు. వాడి పేరు కనపడదు, గొంతు వినపడదు. సంగీతపు చిన్న పలుకు ఒకటి మాత్రం పంపుకోవచ్చు. చలిలో ఒకరినొకరు ఆనుకుని కొండ ఎక్కుతారు. ప్రయాణం అంతా అయ్యాక, చివర్లో, నీతో నడిచినవాళ్ళ పేర్లు తెర మీద వస్తాయి. పేరు చివర్లో! మన దేశంలో పేరుతోనే మొదలవుతుంది ఏదైనా. ఇల్లు అద్దెకు అడిగినా అంతే. ఆ ఆట గురించి చదివిన రాత్రి నాకు చాలాసేపు నిద్ర పట్టలేదు. అయినా దాన్ని మందుగా ఒప్పుకోలేను. పేరూ గొంతూ లేకపోతేనే నాతో నడుస్తానంటే, నడిచింది నాతో కాదు.

మిత్రులు ఇంకో మాట కూడా అంటారు. "మన కడపలో అట్లాంటివి లేవబ్బా. ఉగాదికి సాయిబులు దేవుని కడప గుడికి పోతారు, పెద్ద దర్గాకు హిందువులు వస్తారు." నిజమే. బీబీ నాంచారి మా ఆడబిడ్డ అని ఉగాది నాడు వెంకటేశ్వరుని గుడికి మావాళ్ళు పోవడం చూడని కడప మనిషి లేడు. గండికోటలో గుడీ మసీదూ ఒకే కోటలో నిలబడి ఉన్నాయి. కానీ అదంతా మొహాలు తెలిసిన లోకం. మొహం చూసి అనలేని మాటను మైకులో అంటున్నవాడు ఎక్కడో ఢిల్లీలోనే ఉండాలని లేదు. ఆ ఉగాది వరసలో నిలబడినవాడి కొడుకే కావచ్చు. "సాయిబువైనా తెలుగు బాగా మాట్లాడతావే" అని మెచ్చుకునేదీ వాళ్ళే. దూదేకుల ఇండ్లలో తల్లిభాషే తెలుగు అని వాళ్ళకు తెలియదా? తిట్టుకు మ్యూట్ ఉంది, ఆ మెప్పుకు లేదు.

ఇప్పుడు అసలు మాటకొస్తాను. జట్టులో నలుగురు. ఒకడు తిట్టాడు, ఒకడు పడ్డాడు. మిగతా ఇద్దరి సంగతేమిటి? వాళ్ళలో ఒకడు మా పిల్లోడి స్నేహితుడే అనుకుందాం. చిన్నప్పట్నుంచి రంజాన్ సేమ్యా తిన్నవాడు. వాడు కూడా మ్యూట్ నొక్కుతాడు. తర్వాత, "నేను వాన్ని మ్యూట్ చేసేసినా గదా, నువ్వూ చెయ్యి రా, అయిపాయ" అంటాడు. తను పక్షం తీసుకున్నాననే అనుకుంటాడు. వాడు తన చెవిని శుభ్రంగా ఉంచుకున్నాడు, అంతవరకే. పడ్డవాడు నొక్కితే అది ఆత్మరక్షణ. పక్కనున్నవాడు నొక్కితే గదిలోంచి వెళ్ళిపోవడం. గీబత్ వినేవాడికి కూడా పాపంలో వాటా ఉందని మా ఇండ్లలో పిల్లలకు చెప్తారు. దానికి అర్థం చెవి మూసుకోమని ఒక్కటే కాదు. ఆ మనిషి పరువు కాపాడే మాట ఒకటి అనమని కూడా.

లౌకికవాదులని మేం నమ్మేవాళ్ళతో మాకున్న పేచీ అంతా ఈ బొమ్మ దగ్గరే ఉంది. వాళ్ళు మమ్మల్ని తిట్టరు. తిట్టేవాడి మాట వాళ్ళకు అసహ్యం. అసహ్యం వేసి మూసేస్తారు. అప్పుడు ఆ గదిలో మిగిలేది వాడూ మేమూ.

జవాబిస్తే కొట్లాట పెరుగుతుంది గదా అనొచ్చు. మా సీమలో మాటకు మాట ఎక్కడిదాకా పోతుందో మాకు ఒకరు చెప్పనక్కరలేదు. పిల్లోళ్ళను బాకులు నూరమని నేనడగడం లేదు. తిట్టినవాడికి పక్కనున్నవాడి గొంతు వినపడాలి, అంతే అడుగుతున్నాను. పడ్డవాడు అంటే అది ఏడుపుగా వినపడుతుంది. పక్కవాడు అంటే ఆ జట్టు తీరుగా వినపడుతుంది.

జమ్మలమడుగు పిల్లలు కొందరు నాకు ఒక ఆట గురించి చెప్పారు. వాళ్ళలో ఇద్దరు, కువైట్‌లో పనిచేసే ఒకడి అన్న, నాలుగోవాడు యంత్రం తెచ్చి కలిపినవాడు. మగ్రిబ్ వేళ. సాయిబుల పిల్లోడు మైకు మూసేలోపే అజాన్ పోయింది. నాలుగోవాడు మొదలుపెట్టాడు. రెండో పిల్లోడు రెడ్ల ఇంటివాడు. వాడు స్పీకరు ముట్టుకోలేదు. "అది మా ఊరి బాంగు. రోజూ వింటాం. ఆడతావా, పోతావా?" అన్నాడు. కువైట్ నుంచి వాళ్ళన్న ఏమీ అనలేదట, ఊరి అజాన్ విని చాలా రోజులైందని మైకు అట్లే పెట్టమన్నాడట. నాలుగోవాడు ఆట వదిలి పోయాడు. మిగతా ముగ్గురూ నది దాటుతూ చచ్చిపోయారు. ఎన్నో స్థానమో వచ్చిందని చెప్పారు.