నూనెకు స్వభావం ఉందా?

రెండు కందెన నూనెలు తీసుకుందాం. 100 డిగ్రీల సెల్సియస్ దగ్గర రెండింటి స్నిగ్ధతా, అంటే పారడానికి అడ్డుపడే చిక్కదనం, 10 సెంటీస్టోక్సే. అక్కడ మాత్రమే కొలిచినవాడు రెండూ ఒకటేనంటాడు. వాటినే 40 డిగ్రీలకు దించితే ఒకటి 83 దగ్గర ఆగుతుంది, రెండోది 148 దాకా చిక్కబడుతుంది. 1929లో డీన్, డేవిస్ అనే ఇద్దరు ఈ తేడాకే ఒక కొలమానం కట్టారు. వేడికి తక్కువగా మారే పెన్సిల్వేనియా నూనెకు 100, ఎక్కువగా మారే గల్ఫ్ తీరపు నూనెకు 0 ఇచ్చి, మిగతా నూనెలను వాటితో పోల్చి చూశారు. దాన్నే స్నిగ్ధతా సూచిక అంటున్నాం. పైన చెప్పిన అంకెలు ఆ రెండు కొసలకు నేటి ప్రమాణ పట్టిక చూపేవే. నూనె ఎంచుకునేవారికి ఇది అక్కరకొచ్చే అంకె. తత్వవిచారం చేసేవారికి ఇందులో చాలా పాత ప్రశ్న ఒకటి కనిపిస్తుంది. వస్తువుకు తనదంటూ ఒక స్వభావం ఉందా, లేక ఉన్నదంతా పరిస్థితి ఇచ్చిన రూపమేనా? రెండో నూనె అసలు చిక్కదనం 10 అనాలా, 148 అనాలా? 40 డిగ్రీల కొలతకు ప్రత్యేకమైన హక్కేమీ లేదు, పోలిక కోసం మనుషులు ఒప్పుకున్న గుర్తు అది.

మన తార్కికులు ఈ చిక్కును గమనించకపోలేదు. 17వ శతాబ్దపు తెలుగు పండితుడు అన్నంభట్టు తర్కసంగ్రహంలో ద్రవత్వాన్ని రెండు రకాలు చేశాడు. నీటిది సాంసిద్ధికం, అంటే పుట్టుకతో ఉన్నది. నెయ్యి వంటి పార్థివ వస్తువులది నైమిత్తికం, అగ్ని తగలడం వల్ల వచ్చేది. నెయ్యి విషయంలో ఈ పరిశీలన ఎంతో నిశితమైనది. నీటి విషయంలోనే తప్పింది. నీరు నిజంగా పుట్టుకతోనే ద్రవమైతే వడగల్లు ఎందుకు గట్టిగా ఉంటుంది? నవ్యన్యాయం దీనికి, వడగల్లులోనూ ద్రవత్వం ఉంది, అదృష్టం (కంటికి కనిపించని కర్మశక్తి) దాన్ని అడ్డగించింది అని బదులు చెప్పాల్సి వచ్చింది. కంటికి కనిపించే చలిని వదిలి కనిపించని కారణాన్ని తెచ్చుకోవలసిరావడం ఆ మహాతార్కికుల తెలివి లోపం కాదు, వాళ్లు మొదట వేసుకున్న విభజన తెచ్చిన ఇబ్బంది. సున్నా డిగ్రీల నుంచి వంద డిగ్రీలకు చేరేలోపు నీటి స్నిగ్ధత దాదాపు ఆరో వంతుకు పడిపోతుంది. అంటే నీటి ప్రవాహమూ నైమిత్తికమే.

అయితే అంతా నైమిత్తికమే అన్నాక స్వభావం ఎక్కడ మిగులుతుంది? శ్రీపర్వతంతో మన సంప్రదాయం ముడిపెట్టిన ఆచార్య నాగార్జునుడు మూలమధ్యమకకారికలో స్వభావ పరీక్షకు ఒక ప్రకరణమే కేటాయించాడు. స్వభావం మరొకదానిపై ఆధారపడకూడదు, కారణాల చేత తయారు కాకూడదు. మారేదానికి స్వభావం ఉందనడం పొసగదు అన్నది ఆయన వాదం. మారని స్థితినే స్వభావం అనుకుంటే ఈ వాదానికి జవాబు లేదు. కానీ ఆ నిర్వచనాన్నే మనం ఎందుకు ఒప్పుకోవాలి? వేడెక్కితే నూనె పలచబడడం వెనుక కారణం ఉంది. ద్రవంలో అణువులు దగ్గరగా ఉండి ఒకదాన్నొకటి లాగి పట్టుకుంటాయి. వేడి వాటికి ఆ పట్టు విడిపించుకునే శక్తినిస్తుంది, పొర మీద పొర సులువుగా జారుతుంది. అదే వేడి గాలికి తగిలితే గాలి స్నిగ్ధత పెరుగుతుంది. ఎందుకంటే వాయువుల్లో నిరోధం పుట్టేది పట్టు వల్ల కాదు, అణువులు ఒక పొర నుంచి మరో పొరలోకి దూకుతూ వేగాన్ని మోసుకుపోవడం వల్ల. ఒకే నిమిత్తం, రెండు వ్యతిరేక ఫలితాలు. ఫలితమంతా నిమిత్తం ఇచ్చిందే అయితే ఈ తేడా రావడానికి వీల్లేదు. కాబట్టి వస్తువు వైపు నుంచి కూడా ఏదో ఉంది. అది ఒక అంకెగా లేదు, ఏ వేడికి ఎంత మారాలో చెప్పే క్రమంగా ఉంది. ఆ క్రమాన్నే స్వభావం అనాలని నా వాదన. డీన్, డేవిస్ చేసింది కూడా ఇదే. వాళ్లు స్నిగ్ధతకు కాక, స్నిగ్ధత మారే తీరుకు మార్కులు వేశారు.

దీనికి గట్టి ఆక్షేపణ ఒకటుంది. ఆ క్రమాన్ని కూడా మార్చవచ్చు కదా? మల్టీగ్రేడ్ ఇంజనాయిల్‌లో పొడవాటి పాలిమర్ గొలుసులు కలుపుతారు. చలిలో అవి ముడుచుకుని ఉంటాయి, వేడిలో విప్పారి, పలచబడుతున్న నూనెను కొంత నిలబెడతాయి. ఇంజన్లో నలిగి నలిగి ఆ గొలుసులు తెగితే ఆ గుణమూ తగ్గుతుంది. గంధకం సంగతి ఇంకా వింత. కరిగిన గంధకం తేటగా పారుతూ, 160 డిగ్రీలు దాటగానే వేల రెట్లు చిక్కబడుతుంది, ఎందుకంటే ఎనిమిదేసి పరమాణువుల వలయాలు తెగి పొడవాటి గొలుసులుగా అతుక్కుంటాయి. అప్పుడు క్రమం కూడా నిర్మాణం మీద ఆధారపడినదేనని ఒప్పుకోక తప్పదు. ఇక్కడ నాగార్జునుడిదే పైచేయి. ఎంత లోతుకు వెళ్లినా దేనిమీదా ఆధారపడని అడుగు తగలదు. కానీ ఆధారపడి ఉండడమూ, అసలు లేకపోవడమూ ఒకటి కావు. స్వభావం లేకపోవడమనే శూన్యతను ప్రతీత్యసముత్పాదంగానే, అంటే కారణాలపై ఆధారపడి పుట్టడంగానే చెప్పిన ఆచార్యుడికి ఇది అభ్యంతరం కాకూడదనుకుంటాను. గంధకం మలుపు కూడా 160 దగ్గరే వస్తుంది, ప్రతిసారీ వస్తుంది. ఆ నమ్మకమైన ఆధారపడడమే మనకు కావలసినంత స్వభావం.

ఇంకొక మాట. పరిస్థితి ఎప్పుడూ బయటి నుంచే వస్తుందనుకోవడం కూడా సరికాదు. 1880లలో బోషాంప్ టవర్ అనే ఇంజనీరు నూనె వేసిన రైలు ఇరుసుల బేరింగులను పరీక్షించాడు, 1886లో ఆస్బర్న్ రేనాల్డ్స్ ఆ ఫలితాలకు గణిత సిద్ధాంతం చెప్పాడు. అందుకు ఆయన ఆలివ్ నూనె స్నిగ్ధత వేడితో ఎలా తగ్గుతుందో కొలిచి చూసుకోవాల్సి వచ్చింది. బేరింగులో నూనె తన ఘర్షణతోనే వేడి పుట్టిస్తుంది, ఆ వేడికి పలచబడుతుంది, పలచబడ్డాక తక్కువ వేడి పుట్టిస్తుంది. పుట్టే వేడీ బయటికి పోయే వేడీ సమమైన చోట నిలుస్తుంది. తన పనే తన పరిస్థితిని తయారుచేస్తుంది, ఆ పరిస్థితి మళ్లీ తనను మారుస్తుంది. మనిషి గురించి మాట్లాడేటప్పుడు మనం ఇంత ఓపికగా ఆలోచించం. కోపంలో బయటపడిందే వాడి అసలు రూపం అని ఒకరంటారు, పరిస్థితులే అలా చేయించాయి, వాడేం చేస్తాడు అని ఇంకొకరంటారు. మొదటివారు ఒక్క ఉష్ణోగ్రత దగ్గరి కొలతను స్వభావం అంటున్నారు. రెండోవారు అదే 40 డిగ్రీల్లో ఒక నూనె 83, ఇంకొకటి 148 ఎందుకయ్యాయో చెప్పరు. మనిషికి నూనెకు లేని ఎంపిక ఉందన్న మాట నిజమే, కానీ ఆ ఎంపిక ఈ రెండు తీర్పులనూ ఇంకా బలహీనపరుస్తుందే తప్ప నిలబెట్టదు. రెండూ తప్పుడు తీర్పులే.