పాటకు మైల అంటుతుందా?

1944 ఆగస్టు 25న బెర్లిన్‌లో ఒక రంగుల సినిమా విడుదలైంది. తెలుగులో చెప్పాలంటే ‘నా కలల సుందరి’. నాయిక మారికా రోక్. రాత్రిపూట ఒంటరిగా ఉండటం ఎవరికీ ఇష్టం ఉండదన్న భావంతో సాగే పాట ఒకటి అందులో ఉంది. విన్నవాళ్లు ఇంటికి పోతూ కూనిరాగం తీయాల్సిందే, అంత తేలికైన వరస. అప్పటికి బెర్లిన్‌వాసుల రాత్రుళ్లు చాలావరకు నేలమాళిగల్లో గడుస్తున్నాయి. పైన విమానాలు, కింద పిల్లాపాపలతో ఒకరినొకరు ఆనుకుని కూర్చున్న జనం. అలాంటి రాత్రుల మధ్య ఆ పాట ఎంత ఊరటనిచ్చిందో ఊహించుకోవచ్చు.

సరిగ్గా అదే నెలలో, ప్రాగ్ నగరానికి అరవై కిలోమీటర్ల దూరంలోని టెరెజీన్‌స్టాట్ నిర్బంధ నగరంలో మరో సినిమా షూటింగ్ జరుగుతోంది. యూదులు ఇక్కడ సుఖంగా ఉన్నారని లోకాన్ని నమ్మించడానికి నాజీలు తీయించిన సినిమా అది. దర్శకుడు కుర్ట్ గెరాన్ ఒకప్పుడు బెర్లిన్‌లో పేరుమోసిన నటుడు, ఇప్పుడు ఖైదీ. తెర మీద వాయిస్తున్న ‘ఘెట్టో స్వింగర్స్’ బృందమూ ఖైదీలే. షూటింగ్ సెప్టెంబరులో ముగిసింది. అక్టోబరు చివరికల్లా గెరాన్‌ను ఆష్విట్జ్‌కు తరలించి విషవాయువుతో చంపేశారు.

రెండు చోట్లా వినిపించింది తేలిక సంగీతమే. రెండు చోట్లా మనుషులు దాన్ని విని కాసేపు బాధ మరిచిపోయి ఉంటారు. ఇక్కడే ఒక పాత ప్రశ్న కొత్తగా లేస్తుంది. పాపం చేసే చేతుల కోసం పుట్టిన పాటకు ఆ పాపం అంటుతుందా? పాటకు అంటకపోతే, కట్టినవాడికి అంటుతుందా?

మారికా రోక్ పాటకు వరస కట్టింది ఫ్రాంజ్ గ్రోటె. జర్మన్ రేడియో చరిత్రలో తేలిక సంగీతం అనగానే ముందుగా గుర్తొచ్చే నాలుగైదు పేర్లలో ఆయనదొకటి. 1908 సెప్టెంబరులో బెర్లిన్‌లో పుట్టాడు. అక్కడి సంగీత కళాశాలలో చదివాడు. పద్దెనిమిదేళ్లకే, 1926లో, డాయోష్ బేలా వాద్యబృందంలో పియానో వాద్యకారుడిగా, స్వరరచనలను బృందానికి అమర్చే పనివాడిగా చేరాడు. బేలా కీవ్‌లో పుట్టిన యూదుడు, మంచి వయొలినిస్టు. ఆనాటి బెర్లిన్ హోటళ్లలో, గ్రామఫోన్ రికార్డుల్లో ఆయన బృందానిదే హవా. గ్రోటెకు పని నేర్పిన బడి అదే. ఏ వాద్యం ఎక్కడ పలకాలి, శ్రోత విసుగుపడేలోపు వరస ఎక్కడ మలుపు తిరగాలి అన్నవి పుస్తకాల్లో దొరికే విద్యలు కావు. రోజూ సాయంత్రం జనం ముందు వాయిస్తేనే వంటబడతాయి.

1933 జనవరిలో హిట్లర్ గద్దెనెక్కాడు. ఆ ఏడాదే బేలా జర్మనీ విడిచి పారిపోయాడు, చివరికి అర్జెంటీనా చేరాడు. అదే ఏడాది మే నెలలో గ్రోటె నాజీ పార్టీలో సభ్యుడయ్యాడు.

ఈ రెండు వాక్యాలనూ పక్కపక్కన పెట్టి చదవడం కష్టంగానే ఉంటుంది. గ్రోటె యూదులను ద్వేషించాడని ఇందువల్ల రుజువు కాదు. కానీ ఆ తర్వాత కొన్నేళ్లలో బెర్లిన్ సినిమా స్టూడియోల్లో, రేడియోలో, నాట్యశాలల్లో ఎన్నో కుర్చీలు ఖాళీ అయ్యాయి. కట్టేవాళ్లు, రాసేవాళ్లు, పాడేవాళ్లు వెళ్లిపోయారు. వెళ్లలేనివాళ్లలో చాలామంది చనిపోయారు. ఆ ఖాళీల్లోకి ఎవరో ఒకరు వచ్చి కూర్చోవాలి. వచ్చినవాళ్లలో ప్రతిభ ఉన్నవాళ్లూ ఉన్నారు. గ్రోటె ప్రతిభను ఎవరూ శంకించరు. జర్మనీలో తొలి పూర్తినిడివి రంగుల కథాచిత్రం 1941లో వస్తే దాని సంగీతమూ ఆయనదే.

నాజీ ప్రచార మంత్రి గెబెల్స్‌కు రేడియో ప్రాణం. 1933లోనే 76 మార్కులకు దొరికే ‘ప్రజల రేడియో’ను మార్కెట్లోకి దింపించాడు. 1938లో 35 మార్కుల సెట్ వచ్చింది. సెట్టు ఇంటింటికీ చేరింది, కానీ రోజంతా ఉపన్యాసాలే మోగిస్తే వినేదెవరు? యుద్ధం మొదలయ్యాక చిక్కు మరీ ముదిరింది. జర్మన్ సైనికులు, ముఖ్యంగా విమాన చోదకులు, డాన్సు సంగీతం కోసం దొంగచాటుగా బ్రిటిష్ స్టేషన్లు పెట్టుకుంటున్నారు. విదేశీ రేడియో వినడం 1939 సెప్టెంబరు నుంచి శిక్షపడే నేరం. అయినా వింటూనే ఉన్నారు. శత్రువు పాట కన్నా మన పాట బాగుండాలని గెబెల్స్ తేల్చాడు. అలా పుట్టింది ‘జర్మన్ డాన్సు, వినోద వాద్యబృందం’. దాన్ని నడిపే పని 1942లో ఇద్దరికి అప్పగించారు. ఒకరు గ్రోటె, రెండోవారు గియోర్గ్ హెంట్షెల్.

ఆ బృందంలోకి దేశంలోని మేటి వాద్యకారులను ఏరి తెచ్చారు. అందులో చోటు దొరికినవాడికి రణరంగం తప్పింది, అంటే చాలామందికి ప్రాణమే దక్కింది. రేడియోలో జాజ్‌ను 1935లోనే నిషేధించినా ఈ బృందం వాయించినదాంట్లో దాని ఛాయలు లేకపోలేదు. అవి లేకపోతే కుర్రాళ్లు మళ్లీ లండన్ స్టేషనే తిప్పుతారు. బెర్లిన్ మీద బాంబుదాడులు పెరిగేసరికి 1943లో బృందాన్ని ప్రాగ్‌కు మార్చారు. అక్కడికి అరవై కిలోమీటర్ల దూరంలోనే ఘెట్టో స్వింగర్స్ ఉన్నారు.

గ్రోటె తరఫున చెప్పుకోవాల్సింది కూడా ఉంది. ఆయన ఎవరినీ చంపలేదు. ఆయన పేరు నిలిచింది ప్రేమ పాటలతో. యుద్ధంలో కొడుకును పోగొట్టుకున్న తల్లికి, నేలమాళిగలో వణుకుతున్న పసివాడికి ఆ పాటలు కాస్త ఓదార్పునిచ్చాయి. ఓదార్పు పాపం ఎలా అవుతుంది? తన పని తాను చేసుకుపోయేవాణ్ణి తప్పు పట్టవచ్చా?

భారతంలో ధర్మవ్యాధుడి కథ తెలిసినవారికి ఈ వాదన కొత్తగా అనిపించదు. మిథిలలో మాంసం అమ్ముకునే ధర్మవ్యాధుడి దగ్గరికి తపస్సు చేసిన కౌశికుడు ధర్మం నేర్చుకోవడానికి వెళతాడు. వృత్తి ఏదైనా మనసు నిర్మలంగా ఉంటే చాలని ఆ కథను చాలామంది చెబుతుంటారు. కథలో ఉన్నది అంతకన్నా లోతు. ధర్మవ్యాధుడు తన అంగడిని పూలకొట్టు అనడు. తాను స్వయంగా జంతువులను చంపనని చెబుతూనే, చేస్తున్న పని ఘోరమైనదేనని ఒప్పుకుంటాడు. అది తనకు ఎందుకు సంక్రమించిందో వివరిస్తాడు. నాగలి దున్నే రైతు చేతిలోనూ ప్రాణాలు పోతాయని, హింస ఎక్కడెక్కడ దాగి ఉందో ఒక్కొక్కటే చూపిస్తాడు. అతని నిర్మలత్వం కళ్లు తెరుచుకుని ఉండటంలో ఉంది. అంగడిలో ఏం వేలాడుతోందో చూస్తూ, దాన్ని దాని పేరుతోనే పిలిచాడు.

గ్రోటె విషయంలో కొరత అక్కడే కనిపిస్తుంది. పాట కట్టడం తప్పు కాదు. ఎవరి కుర్చీలో కూర్చుని కడుతున్నాడో, ఎవరి అవసరానికి కడుతున్నాడో ఆయనకు తెలియకపోయే అవకాశం లేదు. బేలా ఎవరో ఆయనకు తెలుసు. ఏడేళ్ల క్రితం తనకు చోటిచ్చిన మనిషి.

జర్మనీలోనే ఒక తత్వవేత్త ఈ ప్రశ్నను సూటిగా ఎదుర్కొన్నాడు. కార్ల్ యాస్పర్స్ భార్య గెర్ట్రూడ్ యూదురాలు. ఆమెను విడిచిపెట్టనందుకు 1937లో ఆయన ఆచార్య పదవి పోయింది. 1945 ఏప్రిల్‌లో ఇద్దరినీ శిబిరానికి తరలించాల్సి ఉండగా, కొద్ది రోజుల ముందే అమెరికన్ సైన్యం వాళ్లుంటున్న హైడెల్‌బర్గ్ చేరింది. ఆ చలికాలమే ఆయన విశ్వవిద్యాలయంలో నిలబడి దోషం గురించి పాఠాలు చెప్పాడు, 1946లో అవి పుస్తకంగా వచ్చాయి. దోషం నాలుగు రకాలన్నాడు. మొదటిది నేరం, దాన్ని కోర్టు తేలుస్తుంది. రెండోది రాజకీయమైనది, ఆ రాజ్యపు పౌరులంతా మోయాల్సింది. మూడోది నైతికం, ఎవరి అంతరాత్మ ముందు వారే నిలబడాలి. నాలుగోది అన్నిటికన్నా సూక్ష్మం. పక్కవాడిని చంపుతుంటే, ఆపడానికి చేయగలిగిందంతా చేయకుండా తాను బతికి ఉండటమే ఒక దోషం, దానికి దేవుడొక్కడే న్యాయమూర్తి. యాస్పర్స్ తనను కూడా ఆ నాలుగో వరసలో నిలబెట్టుకున్నాడు. అంత నష్టపోయిన మనిషే ఆ మాట అన్నాడంటే, పార్టీ సభ్యత్వం తీసుకుని పైకొచ్చిన మనిషి ఎన్నిటికి జవాబు చెప్పుకోవాలి?

యుద్ధం తర్వాత గ్రోటె మళ్లీ పనిలో పడ్డాడు. 1950ల జర్మన్ సినిమాకు ఆయన లేకుండా గడవలేదు. 1955లో ‘పిరోష్కా’ చిత్రం, 1958లో ‘స్పెసార్ట్ సత్రం’, రెండూ కుర్ట్ హోఫ్‌మన్ తీసినవే, రెండూ జనం నెత్తిన పెట్టుకున్నవే. 1958లోనే అదే దర్శకుడి ‘మేం అద్భుత బాలలం’ వచ్చింది. ఇద్దరు సహాధ్యాయుల కథ. ఒకడు నిజాయితీపరుడు, కష్టాలు పడతాడు. రెండోవాడు నాజీ జెండా పట్టుకుని బాగుపడతాడు, యుద్ధం ముగిశాక వ్యాపారవేత్తగా అంతకన్నా బాగుపడతాడు. ఆ రెండోవాడి మీద విసిరిన కొరడా ఆ సినిమా. సంగీతం ఫ్రాంజ్ గ్రోటె. ఆ దృశ్యాలకు స్వరాలు అమరుస్తూ పియానో ముందు కూర్చున్నప్పుడు ఆయన మనసులో ఏం మెదిలిందో స్వరాల్లో మాత్రం దొరకదు. అవి ఎప్పటిలాగే చక్కగా ఉన్నాయి.

తర్వాత టెలివిజన్ వచ్చింది. ఆపిల్ వైన్ దుకాణం సెట్టింగులో సాగే ‘నీలి మేకపోతు’ కార్యక్రమానికి ఆయన ఏళ్ల తరబడి సంగీత దర్శకుడు. 1982లో కొలోన్ నగరంలో కన్నుమూసేదాకా కట్టడం, నడపడం మానలేదు.

ఆ తేలిక సంగీతానికి జర్మన్లు పెట్టుకున్న పేరులోనే ఒక చిక్కు ఉంది. ‘ఉంటర్‌హాల్టుంగ్’ అంటే వినోదం, కబుర్లు చెప్పుకోవడం. అదే మాటకు పోషించడం, నిలబెట్టడం అనే అర్థమూ ఉంది. గ్రోటె పాటలు శ్రోతను నిలబెట్టాయి. శ్రోతతో పాటు ఆ రాజ్యాన్నీ మరి కొంతకాలం నిలబెట్టాయి. మన ఆకాశవాణి పెద్దలు ఆ కోవ పాటలకు లలిత సంగీతం అని పేరు పెట్టారు. లలితం అంటే మృదువైనదని అర్థం, బరువు లేనిదని కాదు. ఈ తేడా గుర్తుంచుకోదగ్గది. తేలిక పాటకు బాధ్యత కూడా తేలికే అనుకోవడం దగ్గరే అసలు పొరపాటు మొదలవుతుంది.

ఆకాశవాణి పేరెత్తితే వాల్టర్ కౌఫ్‌మన్‌ను తలచుకోక తప్పదు. గ్రోటె కన్నా ఏడాది పెద్ద. కార్ల్స్‌బాద్‌లో పుట్టిన యూదుడు. ఆయన కూడా 1920లలో బెర్లిన్ సంగీత కళాశాలలోనే చదివాడు. నాజీల నీడ ముసురుకుంటుంటే 1934లో బొంబాయి ఓడ దిగాడు. అక్కడి రేడియో కేంద్రంలో పాశ్చాత్య సంగీత విభాగాన్ని చాలా ఏళ్లు చూసుకున్నాడు. తెల్లవారుజామున తెలుగు ఇళ్లలో రేడియో తిప్పగానే తంబుర శ్రుతి మీద వయొలిన్‌తో వినిపించిన ఆ సంకేత నాదం ఆయన కూర్చినదిగానే ప్రసిద్ధి. కొన్ని తరాలు ఆ నాదంతో నిద్రలేచాయి. అది ఊరు వదిలి వచ్చిన ఒక శరణార్థి చేతి పని అని విన్నవాళ్లలో ఎందరికి తెలుసు? తర్వాత ఆయన కెనడాకు, అక్కడి నుంచి అమెరికాకు వెళ్లి, ఉత్తర, దక్షిణ భారత రాగాల మీద పెద్ద గ్రంథాలు రాశాడు.

పాటకు మైల అంటుతుందా అన్న ప్రశ్నకు అందరికన్నా గట్టిగా జవాబు చెప్పగల మనిషి కోకో షూమాన్. బెర్లిన్ కుర్రాడు, తల్లి యూదురాలు. 1943లో పట్టుకుపోయి టెరెజీన్‌స్టాట్‌లో పెడితే ఘెట్టో స్వింగర్స్‌లో డ్రమ్స్ వాయించాడు. 1944లో ఆష్విట్జ్‌కు పంపితే అక్కడా కాపలావాళ్ల కోసం వాయించాల్సి వచ్చింది, జనాన్ని చావుకు నడిపిస్తుంటే చూస్తూ. బతికి బయటపడ్డాడు. బెర్లిన్‌కు తిరిగొచ్చి గిటారు పట్టుకున్నాడు, మళ్లీ అదే స్వింగ్ వాయించాడు. నాలుగైదు దశాబ్దాలు ఆ సంగతులు నోరు విప్పి చెప్పలేదు. 1997లో తన కథ పుస్తకంగా వెలువరించాడు. తనను శిబిరం నుంచి బయటపడి సంగీతం వాయించేవాడిగా కాక, ఒకప్పుడు శిబిరంలో ఉన్న సంగీతకారుడిగా చూడమని కోరుకునేవాడు. 2018లో, 93 ఏళ్ల వయసులో చనిపోయాడు. ఆ సంగీతానికి నిజంగా మైల అంటి ఉంటే ఆయన చేతులు దాన్ని మళ్లీ ముట్టుకునేవి కావు.

కాబట్టి గ్రోటె పాటలను పక్కన పెట్టనక్కర్లేదు. అవి చక్కని పాటలు. ఆ చక్కదనాన్ని సాక్ష్యంగా చూపి ఆయనను నిర్దోషి అనడం మాత్రం కుదరదు. ఆసక్తి ఉన్న పాఠకులు 1926 తర్వాతి డాయోష్ బేలా రికార్డులు వెతికి వినండి, ఇంటర్నెట్‌లో సులువుగానే దొరుకుతాయి. బేలా 1978లో అర్జెంటీనాలో చనిపోయాడు. ఆ రికార్డుల్లో కొన్నింటిలో వయొలిన్ ఆయనదైతే, వెనక పియానో గ్రోటెది.